అమ్మతో మధురవాణి ఊరికి

విజయనగరం స్టేషన్‌లో దిగేసరికి ఉదయం ఆరు దాటింది. అమ్మకు 78 ఏళ్లు. ఆ మోకాళ్ల నొప్పులతో ఇంత దూరం వస్తుందని నేననుకోలేదు. "సావిత్రి మధురవాణి వేషం వేసింది చూడూ, ఆ ఊరు ఒక్కసారి చూడాలే" అని రెండేళ్లుగా అంటూనే ఉంది.

నిజానికి సావిత్రిది ఈ ఊరు కాదు. పుట్టింది గుంటూరు జిల్లా చిర్రావూరులో, పెరిగింది బెజవాడలో. అమ్మది తెనాలి కాబట్టి సావిత్రి సంగతులన్నీ చుట్టాల కబుర్లలాగే చెబుతుంది. 1955లో వచ్చిన 'కన్యాశుల్కం' సినిమాలోని సావిత్రిని మాత్రం విజయనగరం మనిషనే అనుకుంటుంది.

బొంకులదిబ్బ అనగానే ఆటో అబ్బాయి "కోట కాడేనమ్మా, ఎక్కండి" అన్నాడు. 1713లో కట్టిన కోట అది. అక్కడ దిగి అమ్మ చుట్టూ చూసింది. బళ్లు, హారన్లు, జనం. ఆ సినిమాకు మూలమైన గురజాడ 'కన్యాశుల్కం' నాటకం మొదలయ్యేది ఇక్కడే. సంతలో సామాను కొనిపెడతానని పూటకూళ్లమ్మ దగ్గర ఇరవై రూపాయలు తీసుకుని గిరీశం ఖర్చు పెట్టేసింది వేశ్య మధురవాణి కోసమే. "మరి మధురవాణి ఇల్లు ఎటువైపు ఉండేదో" అంది అమ్మ. ఆ అడగడంలో పరాచికం లేదు. నాకూ అది కల్పిత పాత్ర కదా అని చెప్పబుద్ధి కాలేదు.

అక్కణ్ణుంచి గురజాడ ఇంటికి వెళ్లాం. గదుల్లో నెమ్మదిగా నడిచాం. 1892లో ఈ ఊళ్లోనే ఆ నాటకం మొదటిసారి ఆడారు. 1909లో గురజాడ దాన్ని తిరగరాసినప్పుడు మధురవాణి పాత్రను బాగా పెంచారు. నాటకం చివర్లో మగవేషం వేసుకుని వకీలు సౌజన్యారావు పంతులు ఇంటికి వెళ్లేది ఆవిడే. ఆ రోజుల్లో ఆడవేషాలు మగవాళ్లే కట్టేవాళ్లు. ఆడదిగా వేషం కట్టిన మగవాడు మళ్లీ మగవేషంలో వస్తే చూసేవాళ్లకు ఎలా ఉండేదో! ఆ గదిలో నిలబడి నేను ఆలోచించింది అదే. ఆ పాత్రకు మన తరాలకు గుర్తుండిపోయే ఆడమనిషి ముఖం ఇచ్చింది సావిత్రి.

సావిత్రి అనగానే అందరూ ఏడుపు సీన్లే చెబుతారు. అమ్మ కూడా అంతే, టూరింగ్ టాకీస్‌లో నేల మీద కూర్చుని 'దేవదాసు'లో సావిత్రి వేసిన పార్వతిని చూసి ఏడ్చిందట. 1953 నాటి ఆ సినిమా తీసింది డి.ఎల్. నారాయణ గారి వినోదా సంస్థ. అందులో వేశ్య చంద్రముఖి వేషం లలితది. రెండేళ్లకే అదే సంస్థ తీసిన 'కన్యాశుల్కం'లో సావిత్రి వేశ్యగా కనిపించింది. పార్వతిని గుండెల్లో పెట్టుకున్న జనం ముందు ఆ వేషం వేయడానికి ధైర్యం కావాలని నా నమ్మకం. మధురవాణిని ఉంచుకున్న రామప్పపంతులుగా సి.ఎస్.ఆర్. ఉన్న సీన్లు చూడండి. ఆయన్ను పొగుడుతూ నవ్వుతుంటుంది, కళ్లు మాత్రం ఆయన ఎంతటివాడో కొలుస్తుంటాయి. గొంతు పెంచదు, కన్నీళ్లు పెట్టదు. ఆ ఏడాదే 'మిస్సమ్మ', 'అర్ధాంగి', 'దొంగరాముడు' కూడా వచ్చాయి. నాకైతే ఈ తెలివైన సావిత్రే ఎక్కువ ఇష్టం. "నువ్వు పార్వతిని హాల్లో చూడలేదు, అందుకే అలా అంటావు" అంది అమ్మ.

మధ్యాహ్నం భోజనం చేసి సంగీత కళాశాలకు వెళ్లాం. 'కన్యాశుల్కం'కు సంగీతం కట్టిన ఘంటసాల ఈ ఊళ్లోనే పట్రాయని సీతారామశాస్త్రి గారి దగ్గర నేర్చుకున్నారు. లోపల ఎవరో పిల్లలు వయొలిన్ సాధన చేస్తున్నారు. అమ్మ బయట అరుగు మీద కూర్చుని చాలాసేపు విన్నది. 1968లో సావిత్రి దర్శకత్వం చేసిన 'చిన్నారి పాపలు' గురించి, ముఖ్యమైన పనులన్నీ ఆడవాళ్లకే అప్పగించడం గురించి చెప్పింది. తర్వాత సంగతులు ఎత్తలేదు. పంతొమ్మిది నెలలు కోమాలో ఉండి 1981 డిసెంబరు 26న ఆవిడ పోయింది. ఆ మాట వస్తే అమ్మ ఇప్పటికీ లేచి వెళ్లిపోతుంది.

రాత్రి స్టేషన్‌కు వచ్చేసరికి రైలుకు ఇంకా గంట టైముంది. నా ఫోన్లో 'కన్యాశుల్కం' పెట్టమంది అమ్మ. సావిత్రి తెర మీదికి రాగానే పక్క బెంచీ మీదున్న పెద్దావిడ తొంగి చూసి "సావిత్రమ్మ కాదేటి?" అంది. అమ్మ జరిగి చోటిచ్చింది. ఆవిడ సంచీ ఒళ్లో పెట్టుకుని మా మధ్య కూర్చుంది. "కొంచెం సౌండు పెంచు" అంది అమ్మ నాతో.