పగడపు కాడల పారిజాతం

చెన్నై పశ్చిమ మాంబళంలో మేము పద్నాలుగేళ్లు అద్దెకున్న ఇంటి పెరట్లో, బావి గట్టుకు ఆనుకొని ఒక పారిజాతం ఉండేది. ఇంటివారు తమిళులు కనుక దానిని పవళమల్లి అని పిలిచేవారు. పవళమంటే పగడం. తెల్లని రేకుల కింద ఎర్రగా, నారింజ వన్నెలో మెరిసే సన్నని కాడను చూసి పెట్టిన పేరది. నాకు ఈ పేరే ఎక్కువ నచ్చింది, ఎందుకంటే పారిజాతమనగానే మనసు స్వర్గానికీ సత్యభామ అలకకూ పరుగెత్తుతుందే గాని, ఎదుటనున్న పువ్వు మీద నిలవదు.

మల్లె, జాజి చేరిన ఓలియేసీ కుటుంబానిదే ఈ మొక్క. హిమాలయాల దిగువ కొండల నుండి మన ప్రాంతాల దాకా సహజంగా పెరుగుతుంది. లేత కొమ్మలు గుండ్రంగా కాక నలుపలకలుగా ఉంటాయి; ఆకులు ఎంత గరుకంటే, పూర్వం కొయ్యను, దంతాన్ని నునుపు చేయడానికి వాటినే వాడేవారు. మొగ్గ చీకటి పడ్డాక విచ్చి, తెల్లవారకముందే పువ్వై రాలిపోతుంది. 1563లో గోవాలో అచ్చయిన తన గ్రంథంలో పోర్చుగీసు వైద్యుడు గార్సియా ద ఓర్తా దీనిని దుఃఖవృక్షమన్నాడు. సూర్యుణ్ణి ప్రేమించి, అతడు విడిచిపోతే ప్రాణం తీసుకున్న రాజకుమార్తె చితాభస్మం నుండి ఇది పుట్టిందనీ, అందుకే సూర్యుని ముఖం చూడదనీ ఆయన ఇక్కడివారి నోట విన్న కథ. 1753లో స్వీడన్ వృక్షశాస్త్రవేత్త లిన్నేయస్ పెట్టిన లాటిన్ పేరులోనూ ఆ దుఃఖమే నిలిచింది. తెల్లవారుజామున ఆ చెట్టు కింద నిలబడినవారికెవరికీ దుఃఖం తోచదని నా అనుభవం.

కోయంబేడు పూల అంగడిలో మల్లె, కనకాంబరం, సంపెంగ గుట్టలుగా పడి ఉంటాయి గాని, పారిజాతం నాకు ఎన్నడూ కనబడలేదు. తాకితే నలిగి, ఎండ సోకితే వాడే పువ్వును మూర లెక్కన ఎవరు అమ్మగలరు? నేల మీద పడిన పూలు పూజకు పనికిరావన్న నియమం దీని దగ్గర మాత్రం సడలిపోయింది. మా అత్తగారు రాత్రి పడుకోబోయే ముందు చెట్టు కింద పాత పంచె పరచి, తెల్లవారి దానిని నాలుగు మూలలా ఎత్తి పూలన్నీ ఒకేసారి బుట్టలో పోసుకొనేవారు. పూజ ముగిసిన తరువాత మిగిలే నిర్మాల్యంలోనే ఈ పువ్వు అసలు ఉపయోగం దాగి ఉందని నాకు చాలా కాలం తెలియలేదు.

ఆ ఉపయోగం కాడలో ఉంది. కుంకుమపువ్వుకు వన్నెనిచ్చే క్రోసిన్, క్రోసెటిన్ జాతి వర్ణద్రవ్యాలే ఈ కాడలోనూ ఉండటం వలన, పూర్వపు అద్దకంవారు దీనితో పట్టుకు రంగు వేసేవారు. ఒక్కొక్కప్పుడు పసుపో కుసుమపువ్వో కలిపేవారు. ఒక కార్తికమాసమంతా నేను రేకులు గిల్లివేసి కాడలను నీడన ఆరబెట్టి, దోసెడు పోగయ్యాక నీళ్లలో సన్నని సెగ మీద మరిగించాను. నీరు చూస్తుండగానే తేనె రంగుకు తిరిగింది. పటిక నీళ్లలో నానబెట్టిన పట్టు గుడ్డముక్క ఒకటి, నూలుముక్క ఒకటి అందులో ముంచితే, పట్టు ముక్క లేత బంగారు వన్నె పట్టింది, నూలు మాత్రం వెలిసిన పసుపు గుడ్డలా మిగిలింది. ఇది నిలిచే రంగు కాదు. ఎండలో నాలుగుసార్లు ఆరవేసేసరికి నా పట్టు ముక్క కూడా సగం పాలిపోయింది. రసాయన రంగులు వచ్చాక ఈ అద్దకం ఎందుకు మూలబడిందో ఆ ముక్కను చూస్తే తెలుస్తుంది. అయినా మొదటి రోజు దాని మీద మెరిసిన వన్నెను నేను మరే రంగులోనూ చూడలేదు.

ఆకు కథ వేరు. అది చేదు. తుంటి నుండి కాలిలోకి దిగే నొప్పికి, ఆయుర్వేదం గృధ్రసి అనేదానికి, ఆకుల కషాయం చెప్పుకోదగిన మందు, జ్వరాలకూ ఇస్తారు. వాపును తగ్గించే గుణం జంతువుల మీద చేసిన ప్రయోగాలలో కనబడింది గాని, జ్వరం ఏదో తెలుసుకోకుండా ఇరుగుపొరుగు మాట విని కషాయం కాచుకోవడం నేను ఒప్పుకోను. ఒకసారి మా అత్తగారి బలవంతం మీద నేను తాగిన గ్లాసెడు కషాయం చేదు, మరునాడు కాఫీలో కూడా తెలిసింది.

ఆ ఇల్లు కూల్చి అపార్ట్‌మెంటు కట్టేటప్పుడు చెట్టు కూడా పోయింది. పోకముందే నాణెంలా పలచగా ఎండిన కాయలు కొన్ని ఏరుకున్నాను. ఒక్కొక్క కాయలో రెండేసి గింజలుంటాయి. మొలిచినవాటిలో ఒకదానిని ఇప్పటి మా మూడో అంతస్తు బాల్కనీలో పెద్ద తొట్టెలో పెంచుతున్నాను. నిరుడు తమిళుల ఐప్పసి నెల వానల్లో అది మొదటిసారి పూచింది. కొమ్మలు కటకటాల బయటికి వంగి ఉండటం వలన పూలన్నీ రెండో అంతస్తువారి బాల్కనీలో రాలాయి. చెట్టు సత్యభామ పెరట్లో, పూలు రుక్మిణి వాకిట్లో అన్న కథే. ఆ ఇంటి మామి మొహమాటపడుతూ, పూజకు వాడుకోవచ్చునా అని అడగడానికి పైకి వచ్చారు. నిరభ్యంతరంగా వాడుకోమన్నాను; నిర్మాల్యం తీశాక కాడలు మాత్రం నాకు ఇమ్మన్నాను. వారానికొకసారి ఒక స్టీలు డబ్బా వస్తోంది.