ఏడు గొంతుల నుంచి మూడు వరుసలకు: నా అనుభవం

నిన్న సాయంత్రం ఆమోదపత్రం చేతికి అందింది. లిపి లేని ఒక ఊహాజాతి తన చరిత్రనంతా పొరలు పొరలుగా పేర్చిన ధ్వనిలో దాచుకుంటుందన్న నా నవలా ప్రణాళికకు ఒక సాహిత్య సంస్థ ఆర్థిక సహాయం మంజూరు చేసింది. దరఖాస్తు నింపడం ఒక పూట పని. కథాసంగ్రహం, మొదటి అధ్యాయం పంపడంలోనూ ఇబ్బంది లేదు. నన్ను ఎనిమిది నెలలు నిద్రపోనివ్వనిది ముఖాముఖి.

ఆ జాతిలో ఏడు తరాల గొంతులు ఒకదానిపై ఒకటి చేరి ఒకే గానంగా నిలిచి ఉంటాయని నేను రాశాను. రాసి చూపితే చాలదనిపించి, ఏడుగురి చేత ఏడు వాక్యాలు చదివించి, వాటిని కంప్యూటర్‌లో కలిపి, మూడు నిమిషాల నమూనా తీసుకువెళ్లాను. నలభై సెకన్లు గడిచాయో లేదో, ఒక సభ్యురాలు చెయ్యెత్తి ఆపమన్నారు. "మూడో తరం వారు ఏమన్నారో చెప్పండి" అని అడిగారు. మళ్లీ మొదటి నుంచి వినిపించాను. నేను రాసిన వాక్యమే అయినా ఆ గొంతుల మధ్య అది నాకు దొరకలేదు. మూడోసారి వినిపిస్తానంటే ఆమె అక్కర్లేదన్నారు. పక్కనున్న పెద్దమనిషి, "ఇది జ్ఞాపకం కాదండీ, సంతలో గోల" అన్నారు. గదిలో అందరూ నవ్వారు. కాగితాలు సర్దుకుంటుంటే నా చేతులు వణికాయి.

మూడు నిమిషాల నమూనాకు అనుమతి ఉందని వారి నిబంధనల్లోనే ఉండగా నలభై సెకన్లకే ఆపడం అన్యాయమని ఇప్పటికీ అంటాను. ఇటువంటి చోటికి వెళ్లేవారు నిబంధనల ప్రతిని వెంట ఉంచుకోవాలి. అయితే ఆమె ప్రశ్న మాత్రం న్యాయమైనదే. బిగ్గరగా ఉన్న ధ్వని తన శ్రుతికి దగ్గరగా ఉన్న మెల్లని ధ్వనిని చెవికి అందకుండా కప్పేస్తుంది. ఎంపీత్రీ ఫైళ్లలో కొంత ధ్వనిని తీసివేసినా మనకు లోటు తెలియకపోవడానికి కారణం చెవికున్న ఈ స్వభావమే. నేను గొంతులను కలిపానే గాని భద్రపరచలేదు.

దారి చూపినవారు, వేదంలోని మాటలను ముందువెనుకలుగా తిప్పి పలికే ఘన అనే పద్ధతిలో ఆరితేరిన ఒక ఘనపాఠి గారు. నా నమూనా విని, "అన్నీ ఒకేసారి పలికితే ఏది తప్పిందో ఎవరికి తెలుస్తుంది నాయనా?" అన్నారు. తరువాత ఘనలో మాటలు నడిచే తీరును నా చేత తెలుగు మాటలతోనే చెప్పించారు: కొండ నీరు, నీరు కొండ, కొండ నీరు దారి, దారి నీరు కొండ, కొండ నీరు దారి. ఆ వెంటనే "నీరు దారి"తో మళ్లీ ఇదే నడక. ఇలా సాగితే మధ్యలో ఉన్న ప్రతి మాటా 13 సార్లు, ముందుకూ వెనక్కూ, మారుతున్న ఇరుగుపొరుగుతో పలుకుతుంది. ఒక్క మాట జారినా వరుస అక్కడే తెగి, తప్పు బయటపడుతుంది. యునెస్కో 2003లో వేదపఠన సంప్రదాయాన్ని మానవాళి వారసత్వంగా ప్రకటించిందని నాకు తెలుసు. అది ఇన్ని శతాబ్దాలు ఎలా నిలిచిందో మాత్రం ఆ అరుగు మీద కూర్చున్నప్పుడే అర్థమైంది.

నవలను మొదటి నుంచి తిరగరాశాను. ఇప్పుడు నా జాతిలో పిల్లలు చరిత్రను నేరుగా, యువకులు రెండేసి మాటలు ముందువెనుకలుగా, వృద్ధులు మూడేసి మాటలుగా పలుకుతారు. ఒకే జ్ఞాపకం మూడు వరుసల్లో, మూడు వయసుల వారి దగ్గర ఉంటుంది. ఏటా ఒకరి తరువాత ఒకరు పలికి సరిచూసుకుంటారు.

రెండో ముఖాముఖికి నమూనా తీసుకువెళ్లలేదు. ధ్వనిలో జ్ఞాపకం నిలుస్తుందా అని సంతగోల పెద్దమనిషి అడుగుతారని ఊహించాను, అడిగారు. 1949లో కేంబ్రిడ్జిలో పనిచేయడం మొదలుపెట్టిన ఎడ్‌శాక్ కంప్యూటర్ తన జ్ఞాపకాన్ని పాదరసపు గొట్టాల్లో ధ్వని స్పందనలుగానే ఉంచుకునేదని, ఆ చివర చేరిన స్పందనను బలపరచి మళ్లీ ఈ చివర నుంచి పంపుతూ ఉంటేనే అది నిలిచేదని చెప్పాను. ఆయన రాసుకున్నారు.

తరువాత కాగితం లేకుండా ముప్పై మాటల వంశచరిత్రను ఘన వరుసలో పలికాను. నెలల సాధన అది. ఎక్కడా తడబడలేదని గర్వంగానే చెప్పుకుంటాను. రెండోసారి పలికేటప్పుడు, ముందుగా చెప్పకుండా, ఒక చోట "నీరు" బదులు "నిప్పు" అన్నాను. ఆ సభ్యురాలు వెంటనే చెయ్యెత్తారు. ఈసారి ఆపడానికి కాదు. "అక్కడ నీరు ఉండాలి" అన్నారు.