కొన్న గేములు దొరికాయి, ఊరికే దించుకున్నవే సతాయిస్తున్నాయి

చిన్న డెవలపర్లు తమ గేములు పెట్టుకునే వెబ్‌సైట్ ఇచ్.ఐఓ (itch.io)లో ఎప్పుడో దించుకున్న గేమ్ మళ్ళీ కావాలంటే ముందు ఒక్క సంగతి గుర్తు తెచ్చుకోండి, దానికి డబ్బు కట్టారా లేదా. మిగతా వెతుకులాటంతా దాన్నిబట్టే ఉంటుంది. కట్టింది ఒక్క డాలరైనా సరే, మీ ఖాతా మీదో మీ మెయిల్ మీదో రికార్డు ఉంటుంది. వంద శాతం డిస్కౌంట్ పెట్టిన రోజున 'క్లెయిమ్' బటన్ నొక్కి తీసుకున్నా ఉంటుంది. కానీ డబ్బు అడిగే పెట్టె కింద చిన్న అక్షరాల్లో "వద్దులే, నేరుగా డౌన్‌లోడ్‌కు తీసుకెళ్ళు" అనే లింకు ఉంటుంది కదా, అది నొక్కి తెచ్చుకున్న గేములు మీ లైబ్రరీలో కనిపించవు. లాగిన్ అయి ఉన్నా కనిపించవు. స్టీమ్ అనే పెద్ద గేముల షాపుకు అలవాటుపడిన వాళ్ళకి ఇది మింగుడుపడదు, ఎందుకంటే అక్కడ ఒకసారి ఆడిన ఉచిత గేమ్ కూడా లైబ్రరీలో పడి ఉంటుంది. ఇక్కడ లెక్క వేరు. ఇచ్ అమ్మకాలను గుర్తుపెట్టుకుంటుంది, ఎవరు ఏం దించుకున్నారో ఆ జాబితా మనకు పెట్టి ఇవ్వదు.

ఈ గొడవంతా నాకెందుకొచ్చిందంటే, ల్యాప్‌టాప్ విండోస్ లోగో దగ్గరే ఆగిపోవడం మొదలుపెట్టింది. మల్కాజ్‌గిరిలో ఇంటి దగ్గరున్న షాపులో ఇచ్చా. "ఫోటోలు, డాక్యుమెంట్లు, డౌన్‌లోడ్స్ అన్నీ తీసిపెట్టినన్నా, ఫార్మాట్ కొట్టి కొత్త విండోస్ ఎక్కించిన" అన్నాడు తమ్ముడు. నిజంగానే అన్నీ తీసిపెట్టాడు. తీయనిది ఒక్కటే, యాప్‌డేటా ఫోల్డర్. దాన్ని మామూలుగా ఎవరూ తీయరు, విండోస్ దాన్ని కనిపించకుండా దాచి ఉంచుతుంది కాబట్టి. ఇచ్ వాళ్ళ డెస్క్‌టాప్ యాప్‌తో గేమ్ ఇన్‌స్టాల్ చేస్తే, మనం వేరే చోటు చూపించనంతవరకూ, అది వెళ్ళి కూర్చునేది సరిగ్గా అందులోనే: యూజర్ ఫోల్డర్లో యాప్‌డేటా, దాంట్లో రోమింగ్, దాంట్లో ఇచ్, దాంట్లో యాప్స్. సేవ్ ఫైళ్ళు కూడా చాలావరకు ఆ చుట్టుపక్కలే. అందుకే రిపేరుకు ఇచ్చేటప్పుడు 'సి డ్రైవ్‌లో యూజర్స్ ఫోల్డర్ మొత్తం, దాచిన ఫైళ్ళతో సహా' అని విడమరిచి చెప్పాలి. గేములు అనే మాట వాడకండి, వాడితే పెద్దగా పట్టించుకోరు. ఆఫీసు ఫైళ్ళున్నాయనండి.

ఇన్‌స్టాల్ చోటును డి డ్రైవ్‌కు మార్చుకున్న వాళ్ళు అదృష్టవంతులు. ఆ యాప్ ఇన్‌స్టాల్ చేసిన ప్రతి గేమ్ ఫోల్డర్లోనూ చుక్కతో మొదలయ్యే ఇచ్ అనే చిన్న ఫోల్డర్ పెట్టి, అందులో రిసీట్ అనే ఫైల్ ఉంచుతుంది. ఇది ఏ గేమ్, ఏ వెర్షన్ అన్న వివరాలు దాంట్లో ఉంటాయి. కొత్త విండోస్‌లో యాప్ మళ్ళీ వేసి, ప్రిఫరెన్సెస్‌లో ఆ పాత ఫోల్డర్‌ను ఇన్‌స్టాల్ చోటుగా చేర్చి, ఉన్న గేముల కోసం స్కాన్ చేయమంటే ఆ రిసీట్లు చదివి గేములన్నింటినీ తిరిగి జాబితాలోకి తెచ్చుకుంటుంది, ఒక్క ఎంబీ కూడా మళ్ళీ దించకుండా. వెబ్‌సైట్ నుంచి జిప్ దించి మీరే విప్పుకున్న గేముల్లో మాత్రం ఈ రిసీట్ ఉండదు, వాటిని యాప్ గుర్తుపట్టదు.

ఇక కొన్నవి. ఖాతాలో 'మై లైబ్రరీ' తెరిస్తే కొన్నవన్నీ వరసగా ఉంటాయి, అక్కడ సమస్యేం లేదు. ఖాతా లేకుండా మెయిల్ ఇచ్చి కొన్నవైతే ఆ మెయిల్‌కు డౌన్‌లోడ్ లింకు వచ్చి ఉంటుంది, ఇన్‌బాక్స్‌లో ఇచ్.ఐఓ అని ఇంగ్లీషులో కొట్టి వెతకండి. దొరికిన లింకును లాగిన్ అయి తెరిస్తే దాన్ని ఖాతాకు కలిపేసుకోవచ్చు. ఇంత తేలికైతే ఈ పోస్టు రాసేవాణ్ణే కాదు. నా అసలు నిధి 2020 జూన్‌లో ఇచ్‌లో వచ్చిన జాతి న్యాయం బండిల్‌లో ఉంది, అంటే చాలా గేములు కలిపి ఒకే ధరకి ఇచ్చే మూటలో. అమెరికాలో పోలీసు చేతిలో జార్జ్ ఫ్లాయిడ్ హత్య తర్వాత పెట్టారు. కనీసం 5 డాలర్లు కడితే చాలు, గేములూ టేబుల్‌టాప్ పుస్తకాలూ బొమ్మల ప్యాకులూ కలిపి 1,700 పైచిలుకు ఐటెమ్‌లు. సెలెస్ట్, ఎ షార్ట్ హైక్ అనే గేములు కూడా అందులోనివే. 80 లక్షల డాలర్లకు పైగా విరాళాలు పోగయ్యాయి. అప్పటి లెక్కలో మనకు నాలుగు వందల రూపాయల లోపే, కానీ కట్టడం ఎలా? అదే ఏడాది మార్చి 16 నుంచి రిజర్వ్ బ్యాంక్ నియమం ప్రకారం కొత్తగా ఇచ్చే కార్డుల్లో విదేశీ లావాదేవీలు మూసి ఉంటాయి, మనమే తెరిపించుకోవాలి. నా కార్డు సరిగ్గా అప్పుడే కొత్తది వచ్చింది. ఇక డల్లాస్‌లో ఉన్న బావకి మెసేజ్ పెడితే, ఆయన కార్డుతో, ఆయన మెయిల్‌తో కట్టేసి లింకు వాట్సాప్‌లో పంపాడు.

అంటే రికార్డు నా పేరు మీద లేదు, బావ మెయిల్‌లో ఉంది. ఫోన్ మార్చినప్పుడు పాత వాట్సాప్ చాట్లు పోయాయి.

"బావా, 2020 జూన్‌లో నాకో గేమ్స్ బండిల్ కొన్నావు, ఆ మెయిల్ వెతికి పెట్టవా?"

"ఏ మెయిల్ రా? అప్పుడు వాడిన మెయిలా, ఇప్పటిదా?"

అక్క మధ్యలో దూరి, పాత ఐడీ పాస్‌వర్డ్ వెతికించి, మొత్తానికి పంపించింది. బయట ఉండే వాళ్ళతో ఇలా కొనిపించుకున్న వాళ్ళు హైదరాబాద్‌లో చాలామందే ఉంటారు, మీరూ ఒకసారి గుర్తు చేసుకోండి. ఏ కార్డుతో కట్టారన్నది కాదు, కట్టేటప్పుడు ఆ డబ్బాలో ఏ మెయిల్ కొట్టారన్నదే ముఖ్యం.

లింకు దొరికాక ఇంకో మెలిక. బండిల్ ఖాతాకు కలిపినా లైబ్రరీలో ఆ వందల గేములేవీ కనిపించవు. మోసం ఏం లేదు. అన్నీ ఒక్కసారి తెచ్చి పడేస్తే లైబ్రరీ నిండిపోయి మీరు విడిగా కొన్నవి అందులో మునిగిపోతాయని కావాలనే అలా పెట్టారు. బండిల్ పేజీకి వెళ్ళి, కావలసిన గేమ్ పక్కన డౌన్‌లోడ్ నొక్కితే అప్పుడు ఆ ఒక్కటీ లైబ్రరీలో చేరుతుంది. పేజీల కొద్దీ ఉంటుంది కాబట్టి అక్కడున్న వెతికే పెట్టెలో పేరు కొట్టడమే మేలు. అన్నింటినీ ఒకేసారి చేర్చే స్క్రిప్టులు కూడా తిరుగుతున్నాయి, వాటి జోలికి పోవద్దు. అన్నీ చేరాక మీకు కావలసింది వెతుక్కోవడం ఇంకా కష్టం. 'నేను కొన్న గేమ్ మాయమైంది' అనే వాళ్ళలో చాలామంది గేమ్ ఇదిగో ఈ బండిల్ పేజీలోనే ఉంటుందని నా నమ్మకం.

ఇప్పుడు ఊరికే దించుకున్నవి. నిజమైన కష్టం ఇక్కడే, ఎందుకంటే నాకిష్టమైనవి ఎక్కువగా ఇవే: ఎవరో కాలేజీ పిల్లలు ఒక వారాంతంలో జామ్ (తక్కువ గడువులో గేమ్ చేసే పోటీ) కోసం చేసినవి, పదిహేను నిమిషాల్లో అయిపోయేవి, పేరు కూడా సరిగ్గా గుర్తుండనివి. క్రోమ్ హిస్టరీ 90 రోజుల వరకే ఉంచుతుంది, అంతకంటే పాతది అయితే గూగుల్ ఖాతాలో యాక్టివిటీ సేవ్ అయ్యేలా పెట్టుకున్న వాళ్ళకే ఆశ. ఇచ్‌లో ఎప్పుడైనా రేటింగ్ ఇచ్చినా, కలెక్షన్‌లో పెట్టుకున్నా ఆ జాడ ఉంటుంది. గేమ్ పేరు గుర్తులేక జామ్ పేరు గుర్తుంటే ఇంకా మంచిది. జామ్ పేజీ తెరిస్తే అప్పుడు పెట్టిన ఎంట్రీలన్నీ బొమ్మలతో సహా ఉంటాయి. గ్లోబల్ గేమ్ జామ్ వాళ్ళ సైట్ అయితే ఏడాదివారీగా, ఏ ఊళ్ళో చేశారో ఆ ఊరివారీగా గేములు చూపిస్తుంది. అలా తిప్పుతూ పోతుంటే ఒక్కోసారి బొమ్మ చూడగానే తెలిసిపోతుంది.

చాలామందికి తెలియని చిట్కా ఒకటుంది. డౌన్‌లోడ్స్ ఫోల్డర్లో జిప్ ఫైల్ మిగిలి ఉండి, అది 'బిల్డ్ ఫైనల్ టూ' లాంటి పనికిమాలిన పేరుతో ఉండి, ఏ గేమో ఎవరు చేశారో తెలియట్లేదనుకోండి. విండోస్ ప్రతి డౌన్‌లోడ్ ఫైల్‌కు వెనకాల జోన్ ఐడెంటిఫయర్ అని ఒక చిన్న చీటీ అంటిస్తుంది, ఇంటర్నెట్ నుంచి వచ్చిన ఫైల్ అని హెచ్చరించడానికి. విండోస్‌లో కమాండ్లు టైప్ చేసే పవర్‌షెల్‌లో గెట్-కంటెంట్ (Get-Content) కమాండ్ వాడి, స్ట్రీమ్ (-Stream) అన్న దగ్గర ఈ పేరు (Zone.Identifier) ఇస్తే ఆ చీటీలో ఉన్నది చూపిస్తుంది. ఏ పేజీ నుంచి వచ్చిందో కూడా చాలాసార్లు అందులో రాసి ఉంటుంది. ఇచ్‌లో ప్రతి డెవలపర్‌కీ సొంత పేరుతో అడ్రసు ఉంటుంది కాబట్టి డెవలపర్ ఎవరో తేలిపోతుంది. దాంట్లో ఉన్న ఫైల్ లింకు మాత్రం పనిచేయదు, ఇచ్ డౌన్‌లోడ్ లింకులు కాసేపటికే చెల్లకుండా పోతాయి. ఇంకోటి, ఈ చీటీ ఎన్‌టీఎఫ్ఎస్ అనే విండోస్ పద్ధతిలో ఫార్మాట్ చేసిన డిస్క్ మీదే నిలుస్తుంది. షాపు తమ్ముడు నా డౌన్‌లోడ్స్‌ను మామూలు పెన్‌డ్రైవ్‌లోకి తీసి తిరిగి పోశాడు, ఆ దెబ్బకి చీటీలన్నీ రాలిపోయాయి. డి డ్రైవ్‌లో ఉన్నవాటికి మాత్రం ఉన్నాయి.

రికవరీ సాఫ్ట్‌వేర్ గురించి అడిగేవాళ్ళకి: ముందు మీది ఎస్‌ఎస్‌డీనా, లోపల తిరిగే హార్డ్ డిస్కా చూడండి. ఎస్‌ఎస్‌డీ అయితే ఫైల్ తీసేయగానే విండోస్ 'ట్రిమ్' అని డిస్క్‌కు చెబుతుంది, ఆ చోటును డిస్క్ తానే తుడిచేసుకుంటుంది. ఫార్మాట్ చేసినా అంతే. నా సి డ్రైవ్ కథ అక్కడితో ముగిసింది. సికింద్రాబాద్‌లో కంప్యూటర్ షాపులుండే సీటీసీకి వెళ్ళి డేటా రికవరీ రేట్లు కనుక్కునే ముందే ఈ ముక్క తెలిస్తే పార్క్‌లేన్‌లో పార్కింగ్ కోసం తిరిగే బాధ తప్పుతుంది. హార్డ్ డిస్క్ అయితే ఆశ ఉంది. ఫోటోరెక్ అని ఉచిత సాఫ్ట్‌వేర్, పేరులో ఫోటో ఉన్నా అన్ని రకాల ఫైళ్ళూ వెతుకుతుంది. పేర్లతో పని లేకుండా, ఫైల్ మొదట్లో ఉండే గుర్తును బట్టి పట్టుకుంటుంది. జిప్ అయితే మొదటి రెండు అక్షరాలు పీ, కే. జిప్ పద్ధతిని రూపొందించిన ఫిల్ కాట్జ్ పేరులోని పొడి అక్షరాలు. దొరికిన వాటిని వేరే డిస్క్ మీదే పెట్టాలి, అదే డిస్క్ మీద పెడితే మిగిలినవాటి మీద రాసేస్తుంది. నేను డి డ్రైవ్ మీద రాత్రంతా నడిపిస్తే కుప్పలుగా జిప్‌లు వచ్చాయి, అన్నింటికీ పేర్ల బదులు అంకెలు. ఒక్కోటీ విప్పి చూస్తే సగం బీటెక్ ప్రాజెక్టు రిపోర్టులు. ఆ మధ్యలో కొన్ని గేములు కూడా.

సేవ్ ఫైళ్ళ సంగతి త్వరగా చెప్పేస్తా. గేమ్ ఏ సాఫ్ట్‌వేర్‌తో తయారుచేశారన్నదాన్ని బట్టి ఉంటుంది. యూనిటీలో చేసినవి ఎక్కువగా యాప్‌డేటాలో 'లోకల్‌లో' (LocalLow) అనే ఫోల్డర్లో కంపెనీ పేరుతో ఉంటాయి, కొన్ని విండోస్ సెట్టింగులుండే రిజిస్ట్రీలోనూ రాస్తాయి. గోడోట్ గేములవి రోమింగ్‌లో గోడోట్ పేరు కింద. రెన్‌పై కథల గేములు కాస్త దయగలవి, గేమ్ ఫోల్డర్లో కూడా ఒక కాపీ ఉంచుతాయి, గేమ్ ఫోల్డర్ దొరికితే సేవ్‌లూ దొరికినట్టే. బ్రౌజర్లో ఆడిన వాటి సేవ్‌లు బ్రౌజర్లోనే ఉంటాయి, సైట్ డేటా క్లియర్ కొడితే పోతాయి.

ఇంత వెతికాక నాకు ఖాయమైన అభిప్రాయం ఏంటంటే, ఇచ్‌లో గొప్పతనం లైబ్రరీ కాదు, తాళాలు లేని జిప్. ఎక్కువ గేములు లాగిన్ అడగవు, లైసెన్స్ చూడవు, ఏ డిస్క్‌లో పడేసినా నడుస్తాయి. దించుకుని ఉంచుకుంటే మనదే. షాపు మీద పూర్తిగా ఆధారపడటం నాకు నచ్చదు. డెసురా అని ఇలాంటి ఇండీ గేముల షాపే ఉండేది, దాన్ని నడిపిన కంపెనీ 2015లో దివాలా తీసింది. ఇచ్ డొమైన్ కూడా 2024 డిసెంబరులో కొన్ని గంటలు మూతపడింది, ఫంకో బొమ్మల కంపెనీ తరఫున ఒక సంస్థ పెట్టిన ఫిర్యాదుతో ఆ డొమైన్ పేరును నమోదుచేసే కంపెనీ (రిజిస్ట్రార్) ఆపేసింది. 2025 జూలైలో పేమెంట్ కంపెనీల ఒత్తిడితో పెద్దలకు మాత్రమే అనే తరహా గేములను ఇచ్ సెర్చ్‌లోంచి తీసేశారు. మీకు వాటితో పనిలేకపోవచ్చు, కానీ ఏది కనిపించాలో ఎక్కడో ఎవరో నిర్ణయిస్తున్నారని అర్థమైంది కదా. పేజీయే పోతే, పాత వెబ్‌పేజీల కాపీలు దాచే వేబ్యాక్ మెషీన్‌లో గేమ్ గురించి రాసినది, స్క్రీన్‌షాట్లు దొరుకుతాయి, ఫైల్ మాత్రం దాదాపు దొరకదు.

పేజీ పోయిన గేమ్ ఒకటి నా జాబితాలో ఉంది. దానికి మిగిలిన దారి చేసినవాణ్ణి అడగడమే. చిన్న డెవలపర్లు మనం అనుకున్నంత అందనివాళ్ళేం కాదు, ఇచ్‌లో వాళ్ళు ఎవరికైనా డౌన్‌లోడ్ కీ (గేమ్ దించుకునే ప్రత్యేక లింకు) తయారుచేసి ఇవ్వగలరు కూడా. ఇతనికి అక్కడ పేజీయే లేదు కాబట్టి వేరేచోట ఖాతా వెతికి, ఏ జామ్‌లో ఆడానో, ఏ సీన్ దగ్గర ఆపానో చెప్పి రాశాను. ఆ గేమ్ ఒకరికి గుర్తుండటమే అతనికి ఆశ్చర్యం, వెంటనే జిప్ పంపాడు. అది జామ్ తర్వాత మార్చిన కొత్త వెర్షన్, రెండో లెవెల్ మొత్తం తీసేశాడు. జామ్ రోజున ఎక్కించిన ఫైల్ ఏమైనా ఉందా అని మళ్ళీ రాశా. పాత హార్డ్ డిస్క్ వాళ్ళమ్మ ఇంట్లో ఉందట, పండక్కి వెళ్ళినప్పుడు చూస్తానన్నాడు.