నడుం దాకా మట్టిలో

మా కావలి పక్క పల్లెలో తిరునాళ్ళకి హరిశ్చంద్ర నాటకం వేస్తే చంద్రమతి వేషం మా పెద్దమ్మదే. అరవై దాటినాక మోకాళ్ళు పట్టేసినాయి, ఇంక వద్దులే అనుకున్నాం. అయినా కాటిసీనుకి మాత్రం పిలిచేవాళ్ళు, లోహితాస్యుణ్ణి ఒళ్ళో పెట్టుకుని కూర్చుని పాడడమే కదా, లేచే పని లేదు. తెర వెనకాల ఇద్దరు మనుషులు ఎత్తి కూర్చోబెట్టేవాళ్ళు, తెర తీసేటప్పటికి పైట సర్దుకుని రెడీగా ఉండేది. ఒకసారి ఒక కాంట్రాక్టరు ఆమె వినేట్టుగానే "ఇంకా ఈమేనా" అన్నాడు, ఆ రాత్రి మూడు వన్స్ మోర్లు పడినాయి.

ఇప్పుడు ఇదంతా ఎందుకంటే, ఈ మధ్య మడ్లెన్ రెనో అనే ఫ్రెంచి నటి గురించి చదవతా ఉండా. 1900లో పుట్టింది, 1921లో పారిస్‌లోని కొమెదీ ఫ్రాంసేజ్‌లో చేరింది, అంటే మూడొందల ఏళ్ళ చరిత్ర ఉన్న సర్కారు నాటకాల కంపెనీ, అందులో పాతికేళ్ళు పెద్ద పేరు తెచ్చుకుని 1946లో భర్త జాఁ లూయీ బరోతో కలిసి బయటకొచ్చి సొంత కంపెనీ పెట్టింది. అక్కడితో ఆగినా గొప్పే. కానీ నన్ను పట్టుకుంది 1963 సంగతి.

అప్పటికి ఆమెకి 63. శామ్యూల్ బెకెట్ నాటకం, ఇంగ్లీషులో 'హ్యాపీ డేస్', ఫ్రెంచిలో 'ఓ లే బో జూర్', విన్నీ వేషం. మొదటి అంకంలో నడుం దాకా మట్టిదిబ్బలో కూరుకుపోయి ఉంటుంది, రెండో అంకంలో మెడ దాకా, ఇంక చేతులు కూడా కనపడవు, మొహం ఒక్కటే. దిబ్బ వెనకాల మొగుడు విల్లీ, ఆ వేషం మొదట బరోనే వేశాడు. గంట మోగితే నిద్ర లేవాలి. సంచీలోంచి బ్రష్షు తీసి పళ్ళు తోముకుని, అద్దం చూసుకుని, ఎంత బాగుందో ఈ రోజు అనుకుంటా మాట్లాడతా ఉంటుంది, ఆ సంచీలో తుపాకీ కూడా ఉంటుంది. మనోళ్ళు పద్యం ఎత్తుకుంటే రాగం ఊపిరి ఉన్నంతసేపు సాగదీస్తారు, ఈ బెకెట్ మాటకీ మాటకీ నడమ యాడ ఆగాలో కూడా రాసిపెట్టాడు. ఇట్టాంటి వేషాన్ని ఆమె ఇరవై ఏళ్ళ పైనే వేసింది.

1968 మే గొడవల్లో, ఈ మొగుడూ పెళ్ళాం నడిపే ఓడియన్ థియేటర్లో విద్యార్థులు దూరి కూర్చున్నారు, దాంతో బరో ఉద్యోగం పోయింది. తర్వాత ఓర్సే రైల్వే స్టేషన్‌లో కూడా నాటకాలేశారు. మార్గరీత్ ద్యూరా అనే రచయిత్రి ఈమె కోసమే 'సవన్నా బే' అనే నాటకం రాసింది, 1983లో వేశారు, జ్ఞాపకాలు జారిపోతున్న ముసలి నటి వేషం, పేరు కూడా మడ్లెనే. 83 ఏళ్ళ మనిషికి ఆ వేషం ఇచ్చిన రచయిత్రిది గుండె ధైర్యమో, వేసినామెదో నాకైతే తేలలేదు. 1994లో మొగుడూ పెళ్ళాం ఇద్దరూ పోయారు, ముందు ఆయన, ఎనిమిది నెలలకి ఆమె.

దిబ్బలో ఉన్న ఫోటో ఫోన్‌లో పెద్దమ్మకి చూపించి కథంతా చెప్పినా. కళ్ళజోడు పైకెత్తి చానాసేపు చూసింది.

"మొహం ఒకటి బయటుంటే చాల్లే, ఇంతకీ హార్మోనియం యాడ?"

"లేదు పెద్దమ్మా, ఉత్త మాటలే."

"ఒరే అబ్బయా, మరి ఆమెని లోపల దించేది ఎవురంట? మావోళ్ళయితే చంకలు పీకిపెట్టేవోళ్ళు."