చెత్త సేకరణ టెండరులో అనర్హులన్నారు: కోర్టు దాకా వెళ్లిన నా అనుభవం

విజయనగరం జిల్లాలోని ఒక పురపాలక సంఘం ఇంటింటి చెత్త సేకరణకు, డంపింగ్ యార్డుకు తరలింపుకు కలిపి టెండరు పిలిచింది. మా ఏజెన్సీ టెక్నికల్ బిడ్ (అర్హత పత్రాల పరిశీలన) దగ్గరే ఆగిపోయింది. ఈ-ప్రొక్యూర్‌మెంట్ పోర్టల్‌లో మా పేరు పక్కన కనబడిన కారణం ఇంతే: అనుభవ ధ్రువపత్రం నిర్ణీత నమూనాలో లేదు. పని పేరు, చేసిన కాలం, ఏటా అందిన బిల్లు మొత్తం, అధికారి సంతకం, సీలు అన్నీ అందులో ఉన్నాయి. అసలు టెండరు షెడ్యూలుకు నమూనా అంటూ ఏదీ జతచేయలేదు.

ఇలాంటప్పుడు ముందు చేయాల్సింది ఆ పేజీని తేదీ, సమయం కనబడేలా ప్రింటు తీయడం. ప్రైస్ బిడ్లు, అంటే రేట్లు రాసిన బిడ్లు, తెరవకముందే కమిషనర్ పేరున అభ్యంతరం రాసి తపాలు సెక్షన్‌లో ఇవ్వాలి. ఇన్‌వార్డ్ నంబరు, తేదీ ముద్ర వేసిన రెండో ప్రతి చేతికొచ్చేదాకా అక్కడి నుంచి కదలకూడదు. అదే కాగితం ఈమెయిల్‌లోనూ, రిజిస్టర్డ్ పోస్టులోనూ పంపాలి. "మాకు అన్యాయం జరిగింది" అని రెండు పేజీలు రాస్తే ఉపయోగం లేదు. షెడ్యూలులో ఏ నిబంధన, మేం అప్‌లోడ్ చేసిన పత్రం ఏ పేజీలో ఉంది, తిరస్కరణకు కారణాలు రాతపూర్వకంగా ఇవ్వండి, అప్పటిదాకా ప్రైస్ బిడ్లు తెరవొద్దు. ఈ నాలుగూ ఉంటే చాలు.

సోమవారం కలెక్టరేట్ గ్రీవెన్స్‌లో ఇచ్చిన అర్జీ పరిశీలించమన్న రాతతో తిరిగి మున్సిపాలిటీకే ఎండార్స్ అయి వస్తుంది. దానివల్ల టెండరు ఆగదు. సమాచార హక్కు దరఖాస్తుకు 30 రోజుల గడువుంది, ఆలోపు ఎంపికైన సంస్థకు వర్క్ ఆర్డరు (పని మొదలుపెట్టమనే ఉత్తర్వు) ఇచ్చేసే వీలుంది. పైగా వాణిజ్య రహస్యమంటూ సెక్షన్ 8(1)(డి) చూపించి తిప్పి పంపొచ్చు. అయినా పెట్టాలి. "ఎందుకు తిరస్కరించారు" అని అడిగితే జవాబు రాదు. కమిటీ మినిట్స్, మూల్యాంకన పట్టిక, నోట్ ఫైలు, కౌన్సిల్ తీర్మానం నకళ్లు కావాలని అడగాలి.

రాతపూర్వక జవాబు రాకపోవడంతో నేలపాడులోని హైకోర్టులో రాజ్యాంగంలోని 226 అధికరణం కింద రిట్ (ప్రభుత్వ సంస్థల నిర్ణయాలను సవాలు చేసే పిటిషన్) వేశాం. లాయరు మొదట అడిగింది వర్క్ ఆర్డరు ఇచ్చారా అని. పని మొదలయ్యాక వెళ్తే కోర్టు చేయగలిగేది బాగా తగ్గిపోతుంది. ఎంపికైన సంస్థను కూడా ప్రతివాదిగా చేర్చాలి. వాళ్ల వాదన వినకుండా వాళ్ల కాంట్రాక్టు మీద ఉత్తర్వు రాదు. నిబంధనే ఎవరికో సరిపోయేలా రాశారనిపిస్తే, ఉదాహరణకు బిడ్ వేసేనాటికే సొంత కాంపాక్టర్లు (చెత్తను నొక్కి కుదించే లారీలు) ఉండాలంటే, బిడ్లు వేయకముందు జరిగే ప్రీ-బిడ్ సమావేశంలోనే రాసివ్వాలి. అభ్యంతరం చెప్పకుండా బిడ్ వేసి, ఓడాక నిబంధనను తప్పుపడితే కోర్టు వినడం కష్టం.

నిర్ణయం మంచిదా కాదా అని కోర్టు తూచదు, దాన్ని తీసుకున్న పద్ధతిని చూస్తుంది. 1994 నాటి టాటా సెల్యులార్ తీర్పు నుంచీ ఇదే మాట. ముఖ్యమైన షరతుకూ అనుబంధ షరతుకూ తేడా చూపిన 1991 పొద్దార్ స్టీల్ తీర్పు మాకు ఆసరా, పత్రం నమూనా అనుబంధ షరతే అన్నది మా వాదన. టెండరు పత్రం రాసినవాళ్లకే దాని అర్థం బాగా తెలుస్తుందన్న 2016 ఆఫ్కాన్స్ తీర్పును అవతలివాళ్లు చదివారు. స్టే దొరకడం ఇంకా కష్టం. 2018లో సవరించిన స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం (ఒప్పందాల అమలుకు సంబంధించినది) షెడ్యూలులోని మౌలిక వసతుల జాబితాలో ఘన వ్యర్థాల నిర్వహణ కూడా ఉంది. అలాంటి పనులను ఆపడానికి కోర్టులు వెనకాడాలని 2022 ఎన్‌జీ ప్రాజెక్ట్స్ తీర్పు చెబుతోంది. ఊళ్లో చెత్త రెండు రోజులు ఎత్తకపోతే ఏమవుతుందో జడ్జికీ తెలుసు. అందుకే స్టే ఒక్కటే అడగకుండా, బిడ్‌ను మళ్లీ పరిశీలించమని, ఒప్పందం కుదిరితే అది కేసు ఫలితానికి లోబడి ఉండేలా చూడమని కూడా అడిగాం. స్టే రాలేదు, ఆ రెండూ వచ్చాయి. మళ్లీ పరిశీలించి మా ప్రైస్ బిడ్ తెరిచారు. మేం ఎల్1 (అందరికంటే తక్కువ రేటు వేసినవాళ్లం) కాలేదు.

కానీ ఎల్1 రేటును విడదీసి చూడడం అవసరం. పరిమితిలోపు జీతమున్న కార్మికుడికి యజమాని వైపు నుంచి పీఎఫ్ చార్జీలతో కలిపి 13 శాతం, ఈఎస్ఐ 3.25 శాతం కట్టాలి. అంటే 100 రూపాయల వేతనానికి 116 రూపాయల 25 పైసలు. బోనసు, డీజిలు, టైర్లు, లాభం ఇంకా కలపలేదు. మొత్తం రేటే కనీస వేతనాల ఖర్చుకు చాలకపోతే, ఆ లోటు పూడేది తెల్లవారుజామున వీధి ఊడ్చే మనిషి పీఎఫ్ ఖాతాలోంచే. పోటీలో ఓడిన బాధ కంటే నాకు ఇదే ఎక్కువ. రేటు విశ్లేషణ తెప్పించుకోమని కమిషనర్‌కు లెక్కతో సహా రాసిచ్చాం. జీఎస్టీ కూడా చూడాలి. స్థానిక సంస్థకు చేసే కేవల సేవకు (సరుకు సరఫరా కలవని సేవకు) మినహాయింపు ఉంది. ఒకరు 18 శాతం కలిపి, మరొకరు కలపకుండా వేసిన రేట్లను పక్కపక్కన పెడితే ఎవరు తక్కువో తేలదు.

ఈఎండీ (బిడ్‌తో పాటు కట్టిన ధరావతు) వాపసు తీసుకునేటప్పుడు "కేసులో మా హక్కులకు భంగం లేకుండా" అన్న మాట రసీదు మీద తప్పక రాయించాలి. లేకపోతే నిర్ణయాన్ని ఒప్పుకునే డబ్బు తీసుకున్నారని మున్సిపాలిటీవాళ్లు కౌంటరులో (కోర్టుకిచ్చే జవాబులో) రాస్తారు.