అమ్మకి తంబురా వినపడాలి

ఆదివారం, రాత్రి

వేసవి నెలల్లో డాలస్‌లో శనివారం రాత్రి ఎనిమిదైతే మనకిక్కడ ఆదివారం పొద్దున్న ఆరున్నర. అమ్మ ఆన్‌లైన్ సంగీతం క్లాసు అప్పుడే మొదలు. అక్కడి పాప మొదటి పాఠాలైన సరళీ స్వరాలు పూర్తిచేసి జంట స్వరాల్లోకి వచ్చింది. మా ఫ్లాటు చెన్నై వెస్ట్ మాంబళంలో, రైలు పట్టాలకి దగ్గర. ఆ వేళకే లోకల్ రైళ్లూ, పాలవాళ్లూ, పక్కింటి మిక్సీ అన్నీ మొదలైపోతాయి. స్పీకర్లో పెడితే పాప గొంతు మళ్లీ మా మైకులోకి దూరి, అక్కడ దానికే ఆలస్యంగా వినిపిస్తుంది. వైరున్న హెడ్‌ఫోన్లు పెట్టుకుంటే తాళం వేసే చేతికి వైరు తగులుకుంటోందని అమ్మ విసుక్కునేది. అందుకే తమ్ముడు ఈ మధ్య వైర్‌లెస్ హెడ్‌ఫోన్లు కొనిచ్చాడు.

పొద్దున్న అవి కంప్యూటర్‌కి కలవలేదు. తెరమీద పేరు కనిపిస్తోంది, పక్కన ‘పెయిర్డ్’ అని కూడా ఉంది, నొక్కితే మాత్రం తిరిగి తిరిగి ఆగిపోతోంది. అవతల పాప తయారుగా కూర్చుని ఉంది. అమ్మకి టెన్షన్. చేసేదేముంది, పాత వైరు హెడ్‌ఫోన్లతోనే క్లాసు నడిపించింది. అయ్యాక, “సాయంత్రం హైదరాబాదు పిల్లల క్లాసు ఐదింటికి. ఈలోపు దీని సంగతి చూడవే” అంది. ఈ రోజంతా దాని వెనకే గడిచింది. కానీ చాలా తెలిసొచ్చింది, అందుకే రాసుకుంటున్నాను.

మొదటి కారణం పక్క గదిలోనే ఉంది. తమ్ముడు రాత్రి ఆ హెడ్‌ఫోన్లు తన ఫోనుకి కలిపి మ్యాచ్ చూశాడు. ఇలాంటి హెడ్‌ఫోన్లు చాలావరకు ఆన్ చెయ్యగానే చివరిసారి ఎవరితో కలిశాయో వాళ్ల కోసమే ముందు వెతుకుతాయి. వాడు నిద్రపోతున్నాడు గానీ వాడి ఫోనులో బ్లూటూత్ మేలుకునే ఉంది. అమ్మ ఇక్కడ స్విచ్ నొక్కగానే అవి గోడ అవతలికి వెళ్లి వాడి ఫోనుకి అతుక్కున్నాయి. కంప్యూటర్ ఎంత పిలిచినా పలకలేదు. వాడి ఫోనులో బ్లూటూత్ ఆపేయించాను.

అయినా కలవలేదు. దీనికి కారణం ఇంకొకటి. మొదటిసారి పెయిర్ చేసినప్పుడు హెడ్‌ఫోన్లూ కంప్యూటరూ కలిసి ఒక రహస్య తాళంచెవి, అంటే ఒక సంకేతం, తయారుచేసుకుని, దాన్ని రెండూ దాచుకుంటాయి. తర్వాత ఎప్పుడు కలిసినా ఆ తాళంచెవితోనే గుర్తుపడతాయి. తమ్ముడు తన ఫోనుకి కలిపే తొందరలో హెడ్‌ఫోన్లని రీసెట్ చేశాడట. అంటే హెడ్‌ఫోన్ల వైపు పాత తాళంచెవి పోయింది, కంప్యూటర్ ఇంకా దాన్నే పట్టుకుని కూర్చుంది. ‘పెయిర్డ్’ అన్న మాట కంప్యూటర్ తన జ్ఞాపకంలోంచి చెబుతున్న మాటే తప్ప అవతలివైపు సంగతి దానికి తెలియదు. ఇలాంటప్పుడు ‘కనెక్ట్’ ఎన్నిసార్లు నొక్కినా లాభం లేదు. రెండు వైపులా చెరిపెయ్యాలి. కంప్యూటర్‌లో ‘రిమూవ్ డివైస్’ కొట్టాను. హెడ్‌ఫోన్ల బటన్‌ని ఎర్ర దీపం, నీలం దీపం మార్చిమార్చి వెలిగేదాకా నొక్కి పట్టుకున్నాను. అప్పుడు ‘యాడ్ డివైస్’లోంచి కొత్తగా కలిపితే వెంటనే కలిసింది.

ఇంతటితో అయిపోయిందనుకుని ఒక పాట పెట్టి అమ్మ చెవులకి తగిలించాను. కాసేపు బాగానే వచ్చింది, తర్వాత తెగిపోవడం మొదలైంది. అమ్మ కుర్చీలోంచి లేచి అటు తిరిగితే చాలు, మాయం. మా డెస్క్‌టాప్‌లో బ్లూటూత్ లేదు కాబట్టి డాంగిల్ అనే చిన్న యూఎస్‌బీ ముక్క పెట్టుకున్నాం. అది సీపీయూ వెనక, టేబుల్ కింద, ఎక్స్‌టర్నల్ హార్డ్‌డిస్క్ పక్కనే ఉంది. హార్డ్‌డిస్క్ ఉన్నది నీలం రంగు యూఎస్‌బీ 3 పోర్టు. యూఎస్‌బీ 3 పనిచేసేటప్పుడు దాని కేబుల్, కనెక్టర్ల నుంచి 2.4 గిగాహెర్ట్జ్ దగ్గర రేడియో చప్పుడు వెలువడుతుందని ఇంటెల్ వాళ్లే 2012లో ఒక పత్రం రాశారు. బ్లూటూత్ మాట్లాడేది సరిగ్గా ఆ చోటే. మామూలు బ్లూటూత్ అక్కడ 79 చానళ్ల మధ్య సెకనుకి 1600 సార్లు గెంతుతూ ఖాళీ ఉన్న చోట మాట చేరవేస్తుంది. వైఫై అడ్డొస్తే ఆ చానళ్లు వదిలేసి మిగతావాటిలోకి తప్పుకోగలదు. కానీ పక్కనే ఉన్న హార్డ్‌డిస్క్ ఆ మేరంతా చప్పుడు పరిచేస్తే తప్పుకోవడానికి చోటెక్కడ? పైగా మధ్యలో సీపీయూ ఇనప డబ్బా, అమ్మ శరీరం. మన ఒంట్లో నీళ్లే ఎక్కువ కదా, నీళ్లు ఆ తరంగాలని బాగా పీల్చుకుంటాయి.

డాంగిల్‌ని ముందువైపు నల్ల రంగు యూఎస్‌బీ 2 పోర్టుకి మార్చాను. హార్డ్‌డిస్క్ ఊడదీశాను. మా ఇంటి వైఫైని కూడా 5 గిగాహెర్ట్జ్‌కి మార్చాను. అమ్మ వంటింటి గుమ్మం దాకా నడిచినా పాట తెగలేదు.

అసలు చిక్కు భోజనాలయ్యాక బయటపడింది. పరీక్ష కోసం నేను నా ఫోను నుంచి వీడియో కాల్ చేసి, శ్రుతిపెట్టెలో తంబురా పెట్టి, వచ్చీరాని గొంతుతో మాయామాళవగౌళ రాగం ఆరోహణ పాడాను. అమ్మ ముఖం మారిపోయింది. “పాట వింటే అంత బాగుంది, ఇప్పుడేమిటే, డబ్బాలోంచి వచ్చినట్టుంది? తంబురా ఉందో లేదో కూడా తెలీట్లేదు” అంది.

అమ్మకి చెవులు ఎంత పదునో నాకు తెలుసు. ఆవిడ అలా అందంటే నిజంగానే ఏదో పోయి ఉంటుంది. పోయింది కూడా. బ్లూటూత్‌లో శబ్దం వెళ్లడానికి రెండు దారులున్నాయి. పాటల దారి స్టీరియో, నాణ్యత బాగుంటుంది, కానీ అది ఒకవైపే. కంప్యూటర్ నుంచి చెవికి మాత్రమే. ఫోన్ మాటల దారి రెండువైపులా నడుస్తుంది, కాబట్టి మైకు పనిచేస్తుంది, కానీ శబ్దం బాగా చిక్కిపోతుంది. పాటల దారిలో మామూలుగా సెకనుకి 44,100 శబ్దపు నమూనాలు వెళితే ఇందులో వెళ్లేవి 8,000, కొంచెం మెరుగైన పద్ధతిలో 16,000. ఎనిమిది వేలంటే అందులో సగం, 4,000 హెర్ట్జ్ పైన ఏమీ వినపడదు. హెడ్‌ఫోన్ల మైకు తెరుచుకున్న క్షణమే కంప్యూటర్ మొదటి దారి వదిలి రెండో దారిలోకి దిగిపోతుంది. మామూలు మాటలకి అది చాలు. తంబురాకి చాలదు. దాని నిండుదనమంతా ఒక్కో తీగ మీంచి అసలు స్వరంతోపాటు పుట్టే పై స్వరాల్లోనే ఉంది. వాటిలో బాగా పైవి తెగిపోతే మిగిలేది చప్పగా గుయ్యిమనే మోత. ఆ రాగంలో షడ్జమం (స) పక్కనే ఉండే శుద్ధ రిషభాన్ని (రి) పిల్లలు కొంచెం పైకి లాగేస్తుంటారు. అది ఎంత పైకి పోయిందో చెప్పాలంటే అమ్మకి వెనకాల శ్రుతి నిండుగా వినపడాలి.

పెట్టెమీద స్టీరియో అని రాస్తారు, మైకుందని రాస్తారు. రెండూ కలిపి వాడితే ఆ స్టీరియో ఉండదని కూడా అక్కడే రాయాలి. పిల్లలకి పాఠాలు చెప్పేవాళ్లు ఎంతమంది తమ నెట్ బాగాలేదనో, పిల్లల గొంతు బాగాలేదనో అనుకుంటున్నారో అని బాధేసింది.

పరిష్కారం మాత్రం పైసా ఖర్చు లేనిది. చెవికి హెడ్‌ఫోన్లు, మాటకి వేరే మైకు. మా వెబ్‌క్యామ్‌కి మైకు ఉంది. విండోస్ 10లో ఈ హెడ్‌ఫోన్లు రెండు పేర్లతో కనిపిస్తాయి, పాటల దారికి స్టీరియో, ఫోన్ మాటల దారికి హ్యాండ్స్‌-ఫ్రీ. విండోస్ 11లో అయితే రెండూ కలిపి ఒకే పేరు. మాది పాతది కాబట్టి వినడానికి స్టీరియో, మాట్లాడటానికి వెబ్‌క్యామ్ ఎంచుకున్నాను. మీటింగ్ యాప్ లోపల ఆడియో సెట్టింగులు వేరుగా ఉంటాయి, అక్కడా అవే పెట్టాలి. యాప్ ఎప్పుడైనా మళ్లీ మైకు మార్చేస్తే అమ్మ ఒక్కతే ఇబ్బంది పడుతుందని ఇంకో పని కూడా చేశాను. కంట్రోల్ ప్యానెల్‌లో ‘డివైసెస్ అండ్ ప్రింటర్స్’కి వెళ్లి, హెడ్‌ఫోన్ల ప్రాపర్టీస్‌లో ‘సర్వీసెస్’ కింద ‘హ్యాండ్స్‌-ఫ్రీ టెలిఫోనీ’ ముందున్న టిక్కు తీసేశాను. ఇక ఈ కంప్యూటర్‌లో ఆ రెండో దారే లేదు.

2020లో వచ్చిన బ్లూటూత్ 5.2తో ఎల్ఈ ఆడియో అనే కొత్త పద్ధతి మొదలైంది. అందులో మైకు వాడుతూనే మంచి శబ్దం వినొచ్చు. కాకపోతే హెడ్‌ఫోన్లకీ కంప్యూటర్‌కీ రెండిటికీ అది ఉండాలి. “అయితే కొత్తవి కొందామా అక్కా?” అన్నాడు తమ్ముడు. వద్దన్నాను. ఉన్నవాటితో పని జరుగుతోంది.

తంబురా ఇంకా పూర్తిగా రాలేదు. ఈసారి లోపం అవతలివైపు. ఇలాంటి యాప్‌లు ఆగకుండా వచ్చే మోతని ఫ్యాను చప్పుడు కింద లెక్కగట్టి తీసేస్తాయి. తంబురా కూడా ఆగని మోతే కదా. జూమ్‌లో సంగీతం వాళ్ల కోసమే ‘ఒరిజినల్ సౌండ్ ఫర్ మ్యూజీషియన్స్’ అని ఒక సెట్టింగ్ ఉంది. అది పాడేవాళ్ల వైపు ఆన్ చెయ్యాలి. హైదరాబాదు పిల్లల వాళ్లమ్మగారికి ఫోన్ చేసి ఎక్కడుందో చెప్పాను. “టీచర్‌గారికి ఇన్నాళ్లూ తంబురా వినపడట్లేదాండీ!” అని ఆవిడ నొచ్చుకుని వెంటనే మార్చారు.

ఐదింటి క్లాసు నేను పక్కనే కూర్చుని విన్నాను. అమ్మ ఒక చెవి మీద మాత్రమే హెడ్‌ఫోన్ పెట్టుకుంది, రెండో చెవి మన శ్రుతిపెట్టెకి వదిలింది. పెద్దపిల్ల పాడుతుంటే మధ్యలో ఆపి, “రిషభం దించమ్మా, ఇంకొంచెం, ఆఁ, అక్కడ నిలుపు” అంది. అలా స్వరం దగ్గర నిలబెట్టి దిద్దడం ఈ ఆన్‌లైన్ క్లాసుల్లో చాలాకాలంగా వినలేదు నేను. నాకు గొంతు పట్టేసింది. కలిసి పాడటం మాత్రం కుదరదు. నెట్ ఆలస్యానికి తోడు బ్లూటూత్ కూడా తనవంతు కొంత వెనక్కి లాగుతుంది. అమ్మ ముందు పాడి చూపించి, ఆపి, పిల్లల చేత పాడిస్తుంది.

డాలస్ పాప వాళ్ల నాన్నగారికి కూడా ఆ సెట్టింగ్ సంగతి మెసేజ్ పెట్టాలి, వచ్చే ఆదివారం లోపు. డాంగిల్ ముందువైపు అలా ఉంటే ఊడ్చేటప్పుడు చీపురు తగిలి విరుగుతుంది. దాన్ని టేబుల్ మీదికి తేవడానికి పొట్టి యూఎస్‌బీ ఎక్స్‌టెన్షన్ కేబుల్ ఒకటి కావాలి. ఆదివారం ఎలక్ట్రానిక్స్ బజారు రిచీ స్ట్రీట్‌లో చాలా షాపులు మూసే ఉంటాయి. రేపు ఆఫీసు నుంచి వస్తూ మౌంట్ రోడ్డు దగ్గర దిగి తెస్తాను.