లాప్‌టాప్‌లో మెయిన్‌ఫ్రేమ్: తప్పు ఎమ్యులేటర్‌ది కాదు

లాప్‌టాప్‌ని ఐబీఎం మెయిన్‌ఫ్రేమ్‌లా నడిపించే ఎమ్యులేటర్ హెర్క్యులిస్ పెట్టుకోవడం పెద్ద పనేం కాదు. పాత మెయిన్‌ఫ్రేమ్ ఆపరేటింగ్ సిస్టమ్ ఎంవీఎస్ 3.8జె అమర్చి ఇచ్చే టీకే5 ప్యాకేజీ దించుకుని, ఐపీఎల్ (అంటే బూట్) చేసి, 3270 టెర్మినల్ ప్రోగ్రామ్ కలిపితే టీఎస్‌ఓ లాగాన్ తెర వచ్చేస్తుంది, పాత లాప్‌టాప్ చాలు. అందులోని కోబాల్ భాష కంపైలర్ బాగా పాతది, ఇఫ్‌ని ముగించే ఎండ్-ఇఫ్ అంటే దానికి తెలీదు, ఫుల్‌స్టాప్‌తోనే నెట్టుకురావాలి. ఎక్కడో జెడ్/ఓఎస్ (ఐబీఎం ఇప్పటి మెయిన్‌ఫ్రేమ్ సిస్టమ్) కాపీ దొరికిందని మాత్రం ఎక్కించకండి, లైసెన్స్ ఒప్పుకోదు.

నా ప్రాణం తీసింది టెస్ట్ డేటా. ఆపరేషన్స్ వాళ్లు ఒక ఫైల్ పంపారు. జాబ్ వేస్తే ఒక రికార్డు దగ్గర ఎస్0సీ7, అంటే అంకె ఉండాల్సిన చోట చెల్లని డేటా ఉందని ఆగిపోవడం. ఆ రికార్డు తీసేసి మళ్లీ వేస్తే ఇంకో రికార్డు దగ్గర ఎస్0సీ7. అడిగితే, మీటింగ్‌లో అందరి ముందూ, "బొమ్మ మెయిన్‌ఫ్రేమ్ మీద టెస్ట్ చేస్తే ఇంతే మరి" అన్నాడొకాయన. నవ్వారు కూడా. సరే అని ఫైల్‌లోని బైట్లన్నీ చూపించే హెక్స్ డంప్ తీసి కూర్చున్నా.

సంగతేంటంటే ఫైల్‌లో అమౌంట్లన్నీ కాంప్-3, అంటే ఒక్కో బైట్‌లో రెండేసి అంకెలు కుక్కే ప్యాక్డ్ డెసిమల్. చివరి బైట్‌లో ఒక సగం ఆఖరి అంకె, మిగతా సగం ప్లస్సో మైనస్సో చెప్పే గుర్తు. వాళ్లు దాన్ని టెక్స్ట్ మోడ్‌లో ఎఫ్‌టీపీ చేశారు. దాంతో ప్రతి బైటూ అక్షరమే అనుకుని ఎబ్సిడిక్ (మెయిన్‌ఫ్రేమ్ అక్షరాల కోడ్) నుంచి ఆస్కీ (పీసీల కోడ్)కి మార్చేసింది. 7తో ముగిసే ప్లస్ మొత్తానికి చివరి బైట్ 7సీ, ఎబ్సిడిక్‌లో అది '@', ఆస్కీలో 40 అయింది. గుర్తు ఉండాల్సిన చోట సున్నా, అందుకే జాబ్ అబెండ్ అయి మధ్యలో ఆగింది. ఇదైనా నయం. 4తో ముగిసేవి ఇంకా ఘోరం: 4సీ అంటే '<', అది 3సీ అయింది. గుర్తు సరిగ్గానే ఉంది కాబట్టి సిస్టమ్ కిక్కురుమనదు, 4 కాస్తా 3 అయి కూర్చుంటుంది! అసలు మెయిన్‌ఫ్రేమ్ మీద ఈ ఫైల్ వేసినా ఇదే జరుగుతుంది. పైగా ఒకసారి అలా మారిన ఫైల్‌ని ఇటువైపు బాగుచేద్దామని కూర్చోవద్దు, మళ్లీ తెప్పించుకోవడమే.

డంప్‌లో ఆ బైట్ల కింద గీతలు గీసి, మీటింగ్‌లో ఉన్న అందరికీ మెయిల్ కొట్టా. అందరికీ. జవాబు రాలేదు గానీ ఫైల్ మాత్రం బైనరీలో వచ్చింది, జాబ్ కండిషన్ కోడ్ 0000, అంటే తప్పుల్లేకుండా ముగిసింది.

మీరు ఇలాంటి ఫైల్ అడిగేటప్పుడు బైనరీ అని రాతపూర్వకంగా అడగండి, రికార్డు పొడవు, కాపీబుక్ (రికార్డులో ఏ ఫీల్డ్ ఎక్కడుందో చెప్పేది) కూడా అప్పుడే తీసుకోండి, తర్వాత ఎవరూ ఫోన్ ఎత్తరు. ఐబీఎం డేటాబేస్ డీబీ2 వాడే ప్రోగ్రాములకి మాత్రం నా సెటప్ పనికిరాదు, వాటికి ఇంకా ఆఫీసు టెస్ట్ రీజియన్ కోసం ఎదురుచూస్తూనే ఉన్నా.